పగలు సొరుగుల్లో... సాయంత్రం సొరంగంలో!

మీకు తెలుసా? 1924 సెప్టెంబరులో అమెరికా రాజధాని వాషింగ్టన్‌లో ఒక అపార్ట్‌మెంటు వెనక సందులో వెళ్తున్న ట్రక్కు ఉన్నట్టుండి నేలలోకి కుంగిపోయింది. తీరా చూస్తే కింద ఉన్నది గొయ్యి కాదు, సొరంగం! గోడలకు తెల్లగా మెరిసే ఇటుకలు, మనిషి నిటారుగా నడిచేంత ఎత్తు. ఊరంతా నోరెళ్లబెట్టింది.

ఎవరు తవ్వి ఉంటారు? ఆనాటి ఊహాగానాలు ఇవీ. ఒకటి, జర్మన్ గూఢచారులు. కప్పుకు 1917, 1918 నాటి జర్మన్ పత్రికలు అతికించి ఉన్నాయి మరి! రెండు, దొంగసారా ముఠా. అవి మద్యనిషేధం రోజులు. మూడు, అంతర్యుద్ధ కాలపు రహస్య మార్గం. మీ ఓటు దేనికి? ఆలోచించుకోండి, తొందరేం లేదు.

మూడూ తప్పే! తవ్వినాయన మ్యూజియంలో చిమ్మటల పండితుడు. రాత్రిళ్లు దీపం చుట్టూ తిరిగే రెక్కల పురుగులు ఉంటాయే, అవే. పగలంతా వాటికి పేర్లు పెట్టడం, సాయంత్రం ఇంటికొచ్చి పలుగూ పారా పట్టడం. ఎందుకండీ అని విలేఖరులు అడిగితే వ్యాయామం కోసం అన్నాడు! జిమ్ముకు నెలనెలా డబ్బు కట్టేవాళ్లు కాస్త గమనించాలి.

పేరు హారిసన్ డయర్. ఉలిక్కిపడకండి, జలియన్‌వాలాబాగ్ డయ్యరుకూ ఈయనకూ ఏ సంబంధమూ లేదు. ఈయన 1866 ఫిబ్రవరి 14న న్యూయార్క్‌లో పుట్టాడు. అవును, ప్రేమికుల రోజునే! ఆ సంగతి గుర్తుంచుకోండి, ముందు ముందు పనికొస్తుంది.

ఇంతకీ ఆ తవ్వకం ఎలా మొదలైందో మీకు తెలుసా? పూలమొక్కలతో! 1906 ప్రాంతంలో ఇంటావిడ హాలీహాక్ మొక్కలు నాటాలంటే ఈయన పాదు తవ్వడానికి దిగాడు. ఆరేడు అడుగులు లోతుకు వెళ్లాక చుట్టూ తడి మట్టి గోడలు చూసి మనసు పారేసుకున్నాడు. ఇక ఆగలేదు. పాదు కాస్తా పాతాళమైంది!

సొరంగం కథ తరువాయి భాగం తరవాత. ముందు వాళ్ల నాన్న సంగతి వినండి. మోర్స్ టెలిగ్రాఫ్ తీగ మోగింది 1844లో కదా. అంతకంటే చాలా ముందే, 1820లలోనే, న్యూయార్క్ పక్కన లాంగ్ ఐలాండ్‌లో గుర్రప్పందేల మైదానం దగ్గర ఒకాయన స్తంభాలు పాతి, తీగ లాగి, రసాయనం పూసిన కాగితం మీద కరెంటుతో గుర్తులు పడేలా చేశాడు. ఆయనే డయర్ తండ్రి! తండ్రి గాలిలో తీగ లాగితే కొడుకు భూమిలో దారి తీశాడు. ఎంత కుటుంబం!

మీకు తెలుసా? చిమ్మటల మీద ప్రపంచం తలెత్తి చూసిన ఈ మనిషి కాలేజీలో చదివింది రసాయనశాస్త్రం. 1889లో ఎంఐటీ నుంచి పట్టా. ఆ తరవాత కొలంబియా విశ్వవిద్యాలయంలో డాక్టరేటు, 1895లో. అదైనా పురుగుల మీదనా? కాదు, న్యూయార్క్ గాలిలో తేలే బ్యాక్టీరియా మీద! 

అయినా పురుగుల శాస్త్రంలో ఆయన పేరు మీద ఒక సూత్రం ఉంది. నేటికీ వ్యవసాయ కళాశాలల్లో కీటకశాస్త్రం చదివే పిల్లలు 'డయర్ సూత్రం' వల్లె వేస్తారు. అది ప్రకటించేనాటికి ఆయన వయసెంతో తెలుసా? 24!

ఆ సూత్రం ఏమిటంటారా? గొంగళి పురుగు ఒళ్లు రోజురోజుకీ లావెక్కుతుంది. తల మాత్రం లావెక్కదు! తల గట్టి డిప్ప. ఒక కుబుసానికీ ఇంకో కుబుసానికీ మధ్య ఒక్క వెంట్రుకవాసి కూడా పెరగదు. కుబుసం విడిచినప్పుడు మాత్రం ఠక్కున పెద్దదవుతుంది. ఎంత పెద్దది? ప్రతిసారీ ఇంచుమించు ఒకే లెక్కన, చాలా పురుగుల్లో సుమారు 1.4 రెట్లు. పురుగుకు గుణకారం ఎవరు నేర్పారు!

వేసి చూడండి. మొదటి తల అర మిల్లీమీటరు అనుకుందాం. తరవాతది 0.7. ఆపైన 0.98. ఆపైన 1.37. మీరు పెంచిన పురుగు తలడిప్పలు 0.5, 0.7, 1.37 అని వచ్చాయంటే? మధ్యలో ఒక కుబుసం మీరు చూడకుండానే రాలిపోయిందన్నమాట! డయర్ ఈ లెక్క కట్టింది కూడా ఇలా తప్పిపోయిన కుబుసాలను పట్టుకోవడానికే. 1890లో 28 రకాల పురుగుల తలలు కొలిచి మరీ చూపించాడు. 28 రకాల తలలు, ఆ కాలపు పనిముట్లతో!

ఇది మనకెందుకు అనకండి. 2018లో మన మొక్కజొన్న చేలల్లోకి దిగిన కత్తెర పురుగు గుర్తుందా? తల మీద తిరగేసిన 'వై' గుర్తు ఉంటుంది. దానికి లద్దె దశలు ఆరు. గుడ్డులోంచి వచ్చినప్పుడు తల వెడల్పు 0.35 మిల్లీమీటర్లు, చివరి దశలో 2.6. తల కొలిస్తే చాలు, ఏ దశలో ఉందో చెప్పేయొచ్చు. చిన్న దశలో అయితే మందు పని చేస్తుంది. పెద్దదై సుడిలోకి దూరిందా, ఇక దానిదే రాజ్యం! న్యూయార్క్ కుర్రాడి లెక్క ఖమ్మం చేలో పనికొస్తోంది, చూశారా?

పాడిని చూసి బర్రెను, తల్లిని చూసి పిల్లను తెచ్చుకోమని మన సామెత. డయర్ దాన్ని తిరగేశాడు. పిల్లను చూస్తే తల్లి తెలుస్తుందన్నాడు! అప్పట్లో పండితులు ఎక్కువగా చిమ్మట రెక్కలు చూసి కులగోత్రాలు నిర్ణయించేవారు. ఈయన గొంగళి ఒంటి మీద వెంట్రుకలు ఎక్కడెక్కడ మొలిచాయో చూసి, వాటికి నంబర్లు వేసి, 1894లో ఏకంగా ఒక వర్గీకరణే రాసిపడేశాడు. రెక్కలు అబద్ధమాడొచ్చు, వెంట్రుకలు ఆడవు!

నాకు ఈయనలో అన్నిటికన్నా నచ్చింది ఇదే. అందరూ అందమైన రెక్కల వెంట పడుతుంటే ఈయన దురద పుట్టించే పురుగును అరచేతి దూరంలో పెట్టుకుని కూర్చున్నాడు. దానికి ఆకులు వేసి, కుబుసాలు ఏరి, రోజూ చూసింది రాసుకున్నాడు. అభిమానమంటే అదీ!

ఇంతకీ డయర్ ప్రాణం పెట్టిన పురుగులేవో మీకు తెలుసా? లైమకోడిడ్‌లు. ఇంగ్లీషువాళ్లు స్లగ్ గొంగళ్లు అంటారు. మామూలు గొంగళికి పొట్ట కింద పొట్టి కాళ్లు వరసగా కనిపిస్తాయి కదా. వీటికి కనిపించవు! అడుగంతా మెత్తటి చాపలా ఆకుకు అంటుకుని ఉంటుంది. నడవదు, జారుతుంది. జారడానికి కింద తడిగా పరుచుకుంటున్నది ఏమిటనుకున్నారు? పట్టు! గట్టిపడని పట్టు ద్రవం. తన రోడ్డు తానే పట్టుతో వేసుకుంటూ వెళ్లే జీవి ఇది.

తల ఎక్కడ అని వెతక్కండి, దొరకదు. ముందు భాగం మడతలోకి ముడుచుకుని ఉంటుంది. వీటిలో ఒకటైతే ఒంటి మధ్యన ఆకుపచ్చ దుప్పటి కప్పి, దాని మీద గోధుమరంగు జీను వేసుకున్నట్టు ఉంటుంది. రెండు చివరలా కొమ్ములు, కొమ్ముల నిండా ముళ్లు. స్వారీకి పిలుస్తున్నట్టే ఉంటుంది కానీ ముట్టుకున్నారో, చేయి భగ్గుమంటుంది! ఇంకొకటి ఎండిన ఆకు ముక్కలా, చుట్టూ వంకర చేతులు వేలాడేసుకుని ఉంటుంది. అది పురుగని చెబితే తప్ప మీరు నమ్మరు.

ఈ పురుగు గూడు కట్టే తీరు ఇంకా విడ్డూరం. గింజలాంటి గట్టి గూడు. బయటికి రావడానికి పైన గుండ్రటి మూత! లోపలి జీవి ఆ మూతను తోసుకుని బయటపడుతుంది. టిఫిన్ డబ్బా కనిపెట్టామని మనుషులు గొప్పలు పోకూడదు.

అమెరికా సంగతులే చెబుతున్నానని అలగకండి. ఈ కుటుంబం మన గోదావరి జిల్లాల కొబ్బరి తోటల్లోనూ ఉంది. స్లగ్ గొంగళి దాడి చేసిందంటే కొబ్బరాకులు గీకి గీకి ఎండబెట్టేస్తుంది. చెట్టెక్కినవాళ్లకు మంటలు, దద్దుర్లు అదనం. డయర్ మురిసిపోయిన పురుగును మన దింపు కార్మికుడు శాపనార్థాలు పెడతాడు. ఇద్దరి మాటా నిజమే!

మీకు తెలుసా? 1897లో డయర్ వాషింగ్టన్‌లోని అమెరికా జాతీయ మ్యూజియంలో చిమ్మటలూ సీతాకోకచిలుకల విభాగానికి సంరక్షకుడయ్యాడు. 1929లో కన్నుమూసేదాకా అదే పదవి. మూడు దశాబ్దాల పైచిలుకు! మరి ఆ పదవికి జీతమెంత? సున్నా! అది గౌరవ పదవి. ఇంట్లో ఆస్తి ఉంది కాబట్టి సరిపోయింది. సొంత ఖర్చుతో ఉద్యోగం చేయడమంటే ఇదీ.

ఆయన పనిచేసిన ఆ మ్యూజియం కీటకాల సేకరణలో ఇప్పుడు ఎన్ని ఉన్నాయో ఊహించగలరా? మూడున్నర కోట్లకు పైగా! ప్రతి ఒక్కదానికీ ఒక చోటుంది. ఇంట్లో తాళంచెవి ఎక్కడ పెట్టామో మనకు గుర్తుండదు.

ఒక సొరుగు లాగి చూద్దాం రండి. గాజు మూత. నాఫ్తలీన్ ఉండల వాసన ముక్కుకు కొడుతుంది. వరసలు వరసలుగా సూదులు. ఒక్కో సూదికి ఒక్కో చిమ్మట, రెక్కలు విప్పార్చి. సూది కింద చీమ తలకాయంత అక్షరాలతో చీటీలు. ఎక్కడ దొరికింది, ఏ తేదీన, ఎవరు పట్టారు. చీటీ ఊడిపోయిందా, ఎంత అందమైన చిమ్మటైనా కొరగానిదే! పండితుడికి రెక్కలకన్నా చీటీయే ముద్దు.

ఆ వరసల్లో ఎర్ర చీటీ కనిపిస్తే మాత్రం చేతులు వెనక్కి తీసుకోండి! అది మూల నమూనా. ఆ జాతికి పేరు పెట్టింది సరిగ్గా ఆ పురుగును చూసే. ఇది అదా కాదా అని వందేళ్ల తరవాత తగువొచ్చినా సాక్ష్యం చెప్పాల్సింది అదే. చచ్చి వందేళ్లయినా కోర్టు వాయిదాలు తప్పని ప్రాణి!

మ్యూజియానికి బద్ధశత్రువెవరో మీకు తెలుసా? దొంగలు కారు. రెండు మూడు మిల్లీమీటర్ల పెంకు పురుగు! దాని పిల్లలు ఎండిన పురుగులను నమిలేస్తాయి. కొన్నాళ్లు ఆదమరిస్తే సూది, చీటీ, అడుగున కాస్త పొడి మిగులుతాయి. దాని శాస్త్రీయ నామం ఆంత్రీనస్ మ్యూజియోరం. మ్యూజియాల పురుగని పేరులోనే ఉంది!

ఇంకో వింత. ఆకుపచ్చ చిమ్మటలు కొన్నింటికి తడి తగిలితే రంగు వెలిసిపోతుంది. ఎండి బిరుసెక్కిన చిమ్మట రెక్కలు విప్పాలంటే తేమ పెట్టెలో ఉంచి మెత్తబరచాలి. మెత్తబడేసరికి పచ్చదనం పోయి గడ్డి రంగు! రెక్కలు విప్పాలా, రంగు దాచుకోవాలా? మ్యూజియం మనిషికి రోజూ ఇలాంటి ధర్మసంకటాలే.

ప్రపంచంలో పేరు పెట్టిన చిమ్మట జాతులెన్ని? సుమారు లక్షా అరవై వేలు! సీతాకోకచిలుకలు పద్దెనిమిది వేల లోపే. అయినా పిల్లల పుస్తకాల అట్టల మీద బొమ్మలన్నీ ఎవరివి? సీతాకోకచిలుకలవే. అన్యాయం కాదూ!

డయర్ 1902లో ఉత్తర అమెరికా చిమ్మటలూ సీతాకోకచిలుకల జాబితా అచ్చువేశాడు. ఎన్ని జాతులు? ఆరు వేలకు పైగా! ఒక్కోదానికీ పేరు, ఆ పేరు పెట్టిందెవరు, ఏ పుస్తకంలో... పెళ్లి పిలుపుల జాబితా రాయడానికే మనకు ముగ్గురు మనుషులు కావాలి.

ఇన్ని పేర్లు ఎక్కడినుంచి తెస్తారో అని సందేహమా? న్యూజెర్సీలో కియర్‌ఫాట్ అని ఒకాయన 1907లో ఏం చేశాడో వినండి. వరసగా చిన్న చిన్న చిమ్మటలకు బొబానా, కొకానా, డొడానా, ఫొఫానా, హొహానా, లొలానా, మొమానా, పొపానా, రొరానా, సొసానా, టొటానా, వొవానా అని పేర్లు పెట్టుకుంటూ పోయాడు! ఇంగ్లండులో చిట్టి చిమ్మటల దిట్ట మేరిక్ ఈ పేర్లు చెల్లవన్నాడు. ఏమైంది? పేర్లు చెల్లాయి! నేటికీ పుస్తకాల్లో బొబానా బొబానాయే.

ఈ మేరిక్ మ్యూజియం ఉద్యోగి కూడా కాదు, బడిపంతులు! పాఠాలు చెప్పుకుంటూనే లక్షకు పైగా చిమ్మటలు పోగేశాడు. అవన్నీ ఇప్పుడు లండన్ మ్యూజియంలో భద్రంగా ఉన్నాయి. వేసవి సెలవుల్లో ఏం చేశారు మాస్టారూ అని అడక్కండి.

మన దక్షిణాది ముచ్చట ఒకటి. నీలగిరుల్లో టీ తోట నడుపుకుంటున్న జార్జ్ హాంప్సన్‌కు చిమ్మటల పిచ్చి పట్టింది. తోట వదిలేశాడు, లండన్ వెళ్లాడు, బ్రిటిష్ మ్యూజియంలో కూర్చున్నాడు. 1892 నుంచి 1896 లోపు భారతదేశపు చిమ్మటల మీద నాలుగు సంపుటాలు! ఆ తరవాత ప్రపంచ చిమ్మటల పట్టికకు పూనుకుని పదిహేను సంపుటాలు! టీ కప్పులో తుఫాను అంటే ఇదేనేమో.

వరికి కాండం తొలిచే పురుగు పడితే తెల్లకంకులు వస్తాయి కదా. ఆ పురుగుకు శాస్త్రీయ నామం పెట్టింది ఎవరో మీకు తెలుసా? బ్రిటిష్ మ్యూజియానికి పనిచేసిన ఫ్రాన్సిస్ వాకర్, 1863లో! వేల వేల పురుగులకు పేర్లు పెట్టిన మనిషి. తొందరలో ఒకే పురుగుకు రెండు మూడు పేర్లు కూడా పెట్టేసేవాడు. ఆయన పోయినప్పుడు ఒక కీటకశాస్త్ర పత్రిక నివాళి రాయాల్సిన చోట తిట్లు రాసింది. ఇరవై ఏళ్ల ముందే పోయి ఉంటే పరువు దక్కేదన్నంత పని చేసింది! పండితుల కోపం పాముకన్నా పొడుగు.

సరే, డయర్ దగ్గరికి. 1897లోనే, ఆగస్టు 20న, మన సికింద్రాబాదులో ఏం జరిగింది? రోనాల్డ్ రాస్ దోమ పొట్టలో మలేరియా క్రిమిని పట్టుకున్నాడు! అమెరికాలో డయర్ మ్యూజియం మెట్లెక్కిన ఏడూ అదే. సికింద్రాబాదు దోమ ఈయన జీవితాన్ని కూడా మలుపు తిప్పుతుందని అప్పుడు ఎవరికి తెలుసు!

ఎలాగంటే, పనామా కాలువ. ఫ్రెంచివాళ్లు తవ్వబోతే మలేరియా, పసుపు జ్వరం కలిసి ఇరవై వేల మందికి పైగా పొట్టనబెట్టుకున్నాయి. కాలువ తవ్వాలంటే ముందు దోమను గెలవాలి. దోమను గెలవాలంటే ఏది ఏ దోమో తెలియాలి. అది చెప్పేదెవరు? మ్యూజియంలో పురుగుల మనుషులు!

పనామాకు దోమలు పట్టడానికి 1907లో వెళ్లిందెవరో ఊహించండి. దోమల నిపుణుడా? కాదు, చిట్టి చిమ్మటల నిపుణుడు ఆగస్ట్ బుస్క్! డయర్‌తో పాటు అదే మ్యూజియంలో పనిచేసే డెన్మార్క్ మనిషి. చిమ్మటలు పట్టే చేతికి దోమ ఒక లెక్కా!

డయర్ దోమల మీద కూడా పాత ఎత్తే వేశాడు. పెద్ద దోమను కాదు, నీళ్లలో గింగిర్లు కొట్టే దోమపిల్లను చూడమన్నాడు! తోటి పండితులు హోవర్డ్, క్నాబ్‌లతో కలిసి ఉత్తర, మధ్య అమెరికా దోమల మీద నాలుగు సంపుటాలు తెచ్చాడు, 1912 నుంచి 1917 దాకా. పత్తి కట్టలా బరువైన నాలుగు పుస్తకాలు, దోమ మీద! కుట్టించుకున్నందుకు ఇంతకన్నా మంచి ప్రతీకారం ఉందా?

దక్షిణ అమెరికా అడవుల్లో పసుపు జ్వరం మోసే హీమగోగస్ జాంథినోమిస్ దోమకు 1921లో ఆ పేరు పెట్టింది డయరే. నోరు తిరగకపోతే కంగారు పడకండి, డాక్టర్లకూ తిరగదు.

ఇక బుస్క్‌ను మన పత్తి రైతు మరిచిపోకూడదు. గులాబీ రంగు పురుగు పేరు చెబితే ఆదిలాబాదు నుంచి గుంటూరు దాకా గుండె జారుతుంది. పూత మీదే గుడ్డిపూలు, కాయ కోస్తే లోపల గులాబీ పురుగు. ఆ పురుగు శాస్త్రీయ నామంలో మొదటి మాట పెక్టినోఫోరా. 1917లో ఆ ప్రజాతిని నిలబెట్టింది ఈ బుస్కే! పురుగు మొదటిసారి పండితుల చేతికి చిక్కింది మాత్రం మన గుజరాత్ పత్తిలోంచి, 1840లలో. లింగాకర్షక బుట్ట కట్టి మీరు పట్టేది దాని మగపురుగునే. బుట్టలో పడిందంటే పేరు తెలుసు, ఊరు తెలుసు, చరిత్ర తెలుసు!

1917లోనే డయర్ ఇంకో పురుగుకు పేరు పెట్టాడు. చెరకునూ వరినీ తొలిచే మెక్సికో కాండం పురుగు. అది ఆ తరవాత టెక్సాస్ చెరకు తోటల్లో దిగి పెద్ద బెడదైంది. పేరు సిద్ధంగా ఉంది, పురుగు తరవాత వచ్చింది!

డయర్‌కు వాదనలంటే ఎంత ఇష్టమో మీకు తెలుసా? తన మాట అచ్చువేసుకోవడానికి సొంతంగా ఒక మాసపత్రికే పెట్టుకున్నాడు, 1913లో. పేరు లాటిన్‌లో. అర్థం, అజ్ఞానాన్ని వెంటాడే మాసపత్రిక! పద్నాలుగు సంపుటాలు నడిచింది. ఎవరి అజ్ఞానాన్నో చందాదారులకు వేరే చెప్పాలా?

ఆ పత్రికకు ఇరవై ఏళ్ల ముందటి ముచ్చట ఇంకొకటి. 1893లో న్యూమోజెన్ అనే ఆయన ఒక చిమ్మట ప్రజాతికి డయర్ గౌరవార్థం పేరు పెట్టాడు. ఏమని? డయారియా! శాస్త్ర గ్రంథాల్లో చిరస్థాయిగా. పైకి చదివి చూడండి. సన్మానమో చురకో మీరే తేల్చండి!

ఇప్పుడు ఆ ఫిబ్రవరి 14 సంగతి. డయర్‌కు 1889లో జెల్లాతో పెళ్లయింది. 1906లో మళ్లీ పెళ్లి, వెలెస్కాతో. మధ్యలో విడాకులేవి? లేవు! రెండో పెళ్లికి ఆయన వేసుకున్న పేరు విల్‌ఫ్రెడ్ అలెన్. వేల పురుగులకు పేర్లు పెట్టిన మనిషికి ఇంకో పేరు కష్టమా! కానీ ఇందులో ఇద్దరు ఆడవాళ్లు పడ్డ బాధ ఉంది. నవ్వు అక్కడితో ఆపేద్దాం.

వెలెస్కా పేరును మాత్రం శాస్త్రం దాచుకుంది. పరాసా వెలెస్కా! ఆయన ప్రాణప్రదమైన స్లగ్ గొంగళ్ల కుటుంబంలోనే ఒక చిమ్మట. ఉంగరం పోవచ్చు, ఉత్తరం చిరగొచ్చు, శాస్త్రీయ నామం పోదు.

గుట్టు రచ్చకెక్కాక ఏమైంది? వ్యవసాయ శాఖలో ఆయనకున్న వేరే ఉద్యోగం 1917లో ఊడింది. మ్యూజియంలో గౌరవ పదవి మాత్రం అలాగే ఉంది. ఎప్పట్లాగే సొరుగు లాగి కూర్చున్నాడు! 1921లో వెలెస్కాను చట్టప్రకారం, ఈసారి సొంత పేరుతో, మళ్లీ పెళ్లాడాడు.

ఇద్దరు భార్యల ఇళ్లనూ కలుపుతూ సొరంగం తవ్వాడని వాషింగ్టన్‌లో ఒక కథ ఉంది. వినడానికి ఎంత బాగుందో! కానీ అబద్ధం. సొరంగం ఒకటి కాదు, రెండు. రెండూ ఊళ్లో వేర్వేరు మూలల్లో, వేర్వేరు కాలాల్లో తవ్వినవి. ఏదీ ఎక్కడికీ వెళ్లదు. తవ్వడం కోసమే తవ్వాడు, అంతే!

రెండో సొరంగం ఇంకా ఘనం. మ్యూజియానికి నడిచి వెళ్లేంత దూరంలో ఉన్న ఇంటి కింద, ఒక దాని కింద ఒకటిగా మూడు అంతస్తులు! మెట్లు, కరెంటు దీపాలు కూడా. మనం అంతస్తులు పైకి వేస్తాం, ఆయన కిందికి వేశాడు.

మరి కప్పు మీద జర్మన్ పత్రికలు? ఆ పత్రికలు అచ్చయ్యేనాటికి డయర్ ఆ ఇంట్లోనే లేడు! ఎవరో దూరి ఉంటారు. ఎవరో, ఎందుకో? గూఢచారుల కథకు ఆ కాస్త సందు మిగిలే ఉంది, మీరు ఊహించుకోండి.

1928లో అమెరికా ఖండాల దోమల మీద మహాగ్రంథం అచ్చయింది. 1929 జనవరి 21న డయర్ పోయాడు. 62 ఏళ్లు. పురుగుల మనిషికి విశ్రాంత జీవితం అనే దశ రానేలేదు!

ఆయన కాలంలో చిమ్మటను గుర్తించడానికి రెక్కలు, వెంట్రుకలు, భూతద్దం. ఇప్పుడు? ఒక్క కాలు చాలు! మ్యూజియం చిమ్మట కాలు ఒకటి తుంచి డీఎన్‌ఏలో 658 అక్షరాల ముక్క చదివితే జాతి తేలిపోతుంది. ఐదు కాళ్లతో మిగిలిన చిమ్మట సొరుగులో కనిపిస్తే కుంటిదనుకోకండి, పరీక్ష రాసి వచ్చిందన్నమాట!

పాత సొరుగుల్లో కొత్త జాతులు దొరుకుతాయంటే నమ్ముతారా? 2017లో ఒక శాస్త్రవేత్త కాలిఫోర్నియా మ్యూజియం నుంచి అరువు తెచ్చుకున్న చిమ్మటలు చూస్తుంటే, తల మీద పసుపు తెలుపు పొలుసులు దువ్వినట్టున్న చిట్టి చిమ్మట ఒకటి కనిపించింది. అప్పటిదాకా పేరు లేదు. ఆయన పెట్టిన పేరు నియోపాల్పా డొనాల్డ్‌ట్రంపి! ఫొటో చూడండి, జుట్టు గురించి నేను ఒక్క మాటా అనను.

చివరి ప్రశ్న. డయర్ అసలు జీవితకథను దుమ్ము దులిపి వెలికితీసిందెవరు? పత్రికా విలేఖరా? నవలాకారుడా? 1992లో పామెలా హెన్సన్‌తో కలిసి పరిశోధన వ్యాసం, 2016లో పూర్తి జీవితచరిత్ర రాసినాయన మార్క్ ఎప్‌స్టీన్. ఈయన ప్రత్యేక విషయం ఏమిటో తెలుసా? స్లగ్ గొంగళ్లు! అదే మ్యూజియంలో, అవే సొరుగుల ముందు, డయర్ పేర్లు పెట్టిన ఆ పురుగులనే చూస్తూ ఆయన వెంట పడ్డాడు. గొంగళి జారడానికి వేసుకునే పట్టు దారి చెప్పానే, దాన్ని పరిశోధించి రాసింది కూడా ఈయనే!